రెండిట్లో ఏదో ఒకటి జరిగే అవకాశం: శాతాలు కూడేస్తే ఎందుకు కుదరదు

క్లుప్తంగా: రెండు ఘటనలు ఒకేసారి జరిగే వీలున్నప్పుడు వాటి సంభావ్యతలను నేరుగా కూడితే, రెండూ కలిసి జరిగే భాగం లెక్కలోకి రెండుసార్లు వచ్చేస్తుంది. దాన్ని ఒకసారి తీసేయాలి. ఆ ఉమ్మడి భాగం ఎంత అనేది మొదటి రెండు అంకెల్లో దొరకదు, విడిగా తెలియాలి. అలాగని కూడిన మొత్తం పనికిమాలినదేం కాదు, అది వేరే ప్రశ్నకు సరైన జవాబు.

శనివారం వాన పడే అవకాశం 60 శాతం, ఆదివారం 70 శాతం అని వాతావరణ సూచన వచ్చిందనుకుందాం. ఈ రెండు రోజుల్లో ఒక్కరోజైనా వాన పడే అవకాశం ఎంత? కూడితే 130 శాతం. నూరు దాటిన సంభావ్యత ఉండదు కాబట్టి ఎక్కడో తేడా కొట్టిందని ఎవరికైనా ఇట్టే తెలుస్తుంది. ప్రమాదం దొరికిపోయే ఇలాంటి తప్పుతో లేదు. అవే అంకెలు 30, 40 అయితే మొత్తం 70 వస్తుంది, చూడ్డానికి బుద్ధిగా ఉంటుంది, ఎవరూ మళ్లీ సరిచూడరు. తప్పు మాత్రం రెండుచోట్లా అదే.

## రెండుసార్లు లెక్కలోకి వచ్చేది ఏమిటి

52 పేకముక్కల కట్టలోంచి ఒక ముక్క తీస్తే అది ఆటీనుగానీ రాజుగానీ అయ్యే అవకాశం ఎంత? ఆటీన్లు 13, రాజులు 4, మొత్తం 17 అనిపిస్తుంది. కానీ ఆటీను రాజు ఒకే ముక్క. ఆటీన్లు లెక్కపెట్టినప్పుడు ఒకసారి, రాజులు లెక్కపెట్టినప్పుడు ఇంకోసారి చేతిలోకి వచ్చింది. నిజానికి ఉన్నవి 16 ముక్కలే. కాబట్టి జవాబు 52లో 16, అంటే సుమారు 31 శాతం.

పాఠ్యపుస్తకాల్లో సంకలన సిద్ధాంతం అని పెద్ద పేరుతో వచ్చేది ఇదే:

రెండిట్లో కనీసం ఒకటి జరిగే సంభావ్యత = మొదటిది జరిగే సంభావ్యత + రెండోది జరిగే సంభావ్యత − రెండూ కలిసి జరిగే సంభావ్యత

ఇక్కడ ‘కనీసం ఒకటి’ అంటే రెండూ జరిగినా సరే అని. సరిగ్గా ఒక్కటే జరగాలి, రెండూ జరగకూడదు అన్నది ప్రశ్న అయితే ఉమ్మడి భాగాన్ని రెండుసార్లు తీసేయాలి. పేకముక్కల లెక్కలో అప్పుడు 15 వస్తుంది. ఈ రెండు ప్రశ్నల మధ్య తేడా గమనించకపోతే పరీక్షల్లో మార్కులు పోతాయి.

కూడి తీసేయడం ఇష్టం లేకపోతే ఇంకో దారి ఉంది. మొదటి ఘటనను పూర్తిగా తీసుకుని, రెండోదాంట్లోంచి మొదటిదానితో కలవని ముక్కను మాత్రమే దానికి చేర్చాలి. 13 ఆటీన్లు, ఆటీను కాని 3 రాజులు. ఈ రెండు గుంపులకూ ఉమ్మడిగా ఏమీ లేదు కాబట్టి భయం లేకుండా కూడొచ్చు. గణితంలో అసలు పునాది కూడా ఇదే. 1933లో రష్యన్ గణితవేత్త ఆంద్రే కొల్మొగొరోవ్ సంభావ్యతకు వేసిన నియమాల్లో, ఒకదానితో ఒకటి కలవని ఘటనలకు మాత్రమే కూడిక నియమం ఉంది. కలిసే ఘటనలకు వాడే సూత్రం ఆ నియమంలోంచి రాబట్టుకున్నదే, దానికి వేరే నమ్మకం ఏదీ అక్కర్లేదు.

పాచికతో ఇంకో లెక్క. ఒక్కసారి వేస్తే సరిసంఖ్య పడే అవకాశం 6లో 3, మూడుకంటే పెద్ద సంఖ్య పడే అవకాశం 6లో 3. కూడితే 6లో 6, అంటే ఏదో ఒకటి పడి తీరుతుందన్నమాట! కానీ 1 పడితే? 3 పడితే? 4, 6 అనే రెండు ముఖాలు రెండు జాబితాల్లోనూ ఉన్నాయి, వాటిని ఒకసారి తీస్తే మిగిలేది 6లో 4.

## కూడిన మొత్తం దేనికి జవాబు

కూడిక తప్పు అని చెప్పి వదిలేస్తే సగం సంగతే చెప్పినట్టు. ఆ మొత్తానికి కూడా ఒక అర్థం ఉంది, అది తెలిస్తేగానీ ఎక్కడ పొరబడుతున్నామో పూర్తిగా పట్టుబడదు.

రెండు పాచికలు వేస్తే 36 రకాల ఫలితాలు. మొదటి పాచిక మీద ఆరు పడేవి 6, రెండోదాని మీద ఆరు పడేవి 6, మొత్తం 12. ఈ 36 ఫలితాలనూ వరసగా కాగితం మీద రాసి ‘ఆరు’ ఎన్నిసార్లు కనిపించిందో లెక్కపెడితే నిజంగానే 12 సార్లు కనిపిస్తుంది. కానీ ఆరు ఉన్న ఫలితాలు ఎన్ని అంటే 11 మాత్రమే, ఎందుకంటే రెండు పాచికల మీదా ఆరు పడిన ఒక ఫలితంలోనే రెండు ఆర్లు ఉన్నాయి.

అంటే కూడగా వచ్చిన 36లో 12 అనేది సగటు. రెండు పాచికలు వేసిన ప్రతిసారీ సగటున ఎన్ని ఆర్లు పడతాయి అని అడిగితే జవాబు అదే, మూడింట ఒకటి. ఇది ఘటనలు కలిసినా కలవకపోయినా, ఒకదాని మీద ఒకటి ఆధారపడినా పడకపోయినా ఎప్పుడూ నిజమే. ఆరు పడుతుందా లేదా అన్నది వేరే ప్రశ్న, దానికి జవాబు 36లో 11.

ఇప్పుడు వాన లెక్కలోని 130 శాతం కూడా వింతగా అనిపించదు. ఆ రెండు రోజుల్లో సగటున 1.3 రోజులు వాన పడుతుందని దాని అర్థం. ఎన్ని రోజులు అనే ప్రశ్నకు ఒకటి దాటిన జవాబు రావచ్చు. పడుతుందా లేదా అనే ప్రశ్నకు రాకూడదు.

ఇరవైముగ్గురు ఉన్న గదిలో ఇద్దరి పుట్టినరోజు ఒకటే అయ్యే అవకాశం గురించిన పాత లెక్కలోనూ ఇదే జరుగుతుంది. 23 మందిలో జంటలు 253. ఒక్కో జంటకు పుట్టినరోజు కలిసే అవకాశం 365లో 1. కూడితే 69 శాతం దాకా వస్తుంది. అసలు జవాబు 50.7 శాతం. ఆ తేడా ఎక్కడికి పోయిందంటే, ఒకే గదిలో రెండు మూడు జంటలకు పుట్టినరోజులు కలిసిన సందర్భాల్లోకి.

## ఉమ్మడి భాగం ఎంతో ఎవరు చెప్పాలి

సూత్రం చిన్నదే, కంఠతా వచ్చేస్తుంది. దాంట్లో మూడో సంఖ్య ఎక్కడినుంచి తేవాలన్నదే అసలు పని. పేకముక్కలు, పాచికలు అయితే లెక్కపెట్టుకోవచ్చు. బయటి ప్రపంచంలో అలా కుదరదు. శనివారం 60, ఆదివారం 70 అని మాత్రమే తెలిస్తే, రెండు రోజులూ వాన పడే అవకాశం ఎంతో ఆ రెండు అంకెలు చెప్పవు.

హద్దులు మాత్రం చెబుతాయి. రెండూ జరగడమనేది ఏ ఒక్కటి జరిగే అవకాశాన్నీ మించలేదు కాబట్టి ఉమ్మడి భాగం 60 శాతం దాటదు. మొత్తం నూరు దాటకూడదు కాబట్టి అది 30 కంటే తగ్గదు. ఆ రెండు కొసలూ పెట్టి చూస్తే, ఒక్కరోజైనా వాన పడే అవకాశం 70కీ 100కీ మధ్య ఎక్కడో ఉంటుంది. శనివారం పడినప్పుడల్లా ఆదివారం కూడా పడి తీరుతుందంటే 70. శనివారం పడని రోజు ఆదివారం తప్పకుండా పడుతుందంటే 100. రెండు రోజులకూ ఏ సంబంధమూ లేకపోతే ఉమ్మడి భాగం 0.6 × 0.7, అంటే 42 శాతం, అప్పుడు జవాబు 88.

చాలామంది ఆలోచించకుండానే ఈ 88 దగ్గర ఆగిపోతారు. గుణించడానికి వీలుగా ఉంటుంది కాబట్టి ‘సంబంధం లేదు’ అని ఊహించేసుకోవడం సులువు. కానీ వాన తెచ్చే మేఘాలు శనివారం అర్ధరాత్రి పన్నెండు కొట్టగానే సర్దుకుని వెళ్లిపోవు. శనివారం పడితే ఆదివారం పడే అవకాశం 70 నుంచి 80కి పెరుగుతుందనుకుంటే, ఉమ్మడి భాగం 0.6 × 0.8 = 48 శాతం అవుతుంది, జవాబు 82కి దిగుతుంది. ఈ 80 అనేదాన్నే సోపాధిక సంభావ్యత అంటారు: ఒకటి జరిగిందని తెలిశాక రెండోది జరిగే అవకాశం. ఉమ్మడి భాగం కనుక్కోవడానికి సాధారణంగా దొరికే దారి ఇదే.

దీంట్లో గమనించాల్సిన సంగతి, రెండూ కలిసి వచ్చే మొగ్గు పెరిగేకొద్దీ ‘కనీసం ఒకటి’ అవకాశం తగ్గుతుంది. రెండూ కలిసి వస్తే, రెండూ కలిసే రాకుండా కూడా పోతాయి. మొదట వినగానే తలకిందులుగా అనిపిస్తుంది కానీ లెక్క అదే చెబుతోంది.

## స్వతంత్రం వేరు, కలవకపోవడం వేరు

విద్యార్థులను ఎక్కువగా టెన్షన్ పెట్టేది ఈ జంట. పరస్పర వివర్జిత ఘటనలు అంటే రెండూ ఒకేసారి జరగవు. స్వతంత్ర ఘటనలు అంటే ఒకటి జరిగిందా లేదా అన్నది రెండోదాని అవకాశాన్ని మార్చదు. పైకి రెండూ ‘సంబంధం లేదు’ అన్నట్టే వినిపిస్తాయి. నిజానికి ఇంతకంటే దూరంగా ఉన్నవి దొరకవు.

ఒకే పాచిక ఒకసారి వేస్తే 2 పడటం, 5 పడటం పరస్పర వివర్జితాలు. 2 పడిందని తెలిసిన క్షణంలో 5 పడే అవకాశం సున్నా అయిపోతుంది. ఒకదాని గురించి తెలిస్తే రెండోదాని గురించి పూర్తిగా తెలిసిపోయింది, ఇంతకంటే గట్టి సంబంధం ఏముంటుంది? కాబట్టి సున్నాకంటే ఎక్కువ అవకాశం ఉన్న రెండు ఘటనలు పరస్పర వివర్జితాలైతే అవి ఎప్పటికీ స్వతంత్రాలు కావు. మొదటి రకానికి తీసేయాల్సింది ఏమీ ఉండదు. రెండో రకానికి రెండు సంభావ్యతల లబ్ధాన్ని తీసేయాలి.

## 1654లో ఉత్తరాల్లో నడిచిన లెక్క

స్వతంత్ర ఘటనలకు ఇంకా సులువైన దారి ఒకటుంది. ఏదీ జరగకపోయే అవకాశం కనుక్కుని దాన్ని ఒకటిలోంచి తీసేయడం. వాన లెక్కలో రెండు రోజులూ పడకపోయే అవకాశం 0.4 × 0.3 = 0.12, మిగిలింది 0.88. ఘటనలు రెండు కాక ఇరవై ఉన్నా ఇదే వరస, శ్రమ పెరగదు.

ఈ దారి ఎంత పనికొస్తుందో 17వ శతాబ్దపు జూదం చెబుతుంది. ఒక పాచికను నాలుగుసార్లు వేస్తే ఒక్కసారైనా ఆరు పడుతుందని పందెం కడితే లాభమా నష్టమా? రెండు పాచికలను 24 సార్లు వేస్తే ఒక్కసారైనా రెండిటి మీదా ఆరు పడుతుందని కడితే? కూడిక పద్ధతిలో రెండూ ఒకటే: ఆరింట నాలుగు, ముప్పైఆరింట ఇరవైనాలుగు, రెండూ మూడింట రెండే. షెవాలియే ద మేరే అనే ఫ్రెంచి పెద్దమనిషికి ఇది కొరుకుడు పడలేదు, ఎందుకంటే మొదటి పందెం లాభం, రెండోది నష్టం. 1654 జులైలో గణితవేత్త బ్లేజ్ పాస్కల్ ఈ సంగతిని మరో గణితవేత్త పియెర్ ద ఫెర్మాకు రాసిన ఉత్తరంలో ప్రస్తావించాడు, మొదటి పందెంలో గెలుపు ఓటముల పాళ్లు 671కి 625 అని కూడా రాశాడు.

ఆ 671 ఎలా వచ్చిందంటే, నాలుగు వేతలకు ఫలితాలు 1296, వాటిలో ఒక్క ఆరూ లేనివి 5 × 5 × 5 × 5 = 625. మిగిలినవి 671, అంటే 51.8 శాతం. రెండో పందెంలో 36లో 35ను 24 సార్లు గుణించి ఒకటిలోంచి తీసేస్తే వచ్చేది 49.1 శాతం.

కూడిన మొత్తం ఒకటే అయినా జవాబులు ఎందుకు విడిపోయాయి? మొత్తం అంటే సగటు అని పైన చూశాం. రెండు పందేల్లోనూ సగటున మూడింట రెండు వంతుల ‘గెలుపు’ ఉంది, అందులో అనుమానం లేదు. కానీ ఒక్కసారి పడినా, మూడుసార్లు పడినా పందెం గెలిచినట్టే, అదనంగా పడినవన్నీ వృథా. 24 వేతల ఆటలో గెలుపులు ఒకేచోట గుమిగూడటానికి ఎక్కువ వీలుంది, అందుకే వృథా కాస్త ఎక్కువ. ఆ చిన్న తేడాయే ఒక పందేన్ని లాభంవైపు, ఇంకోదాన్ని నష్టంవైపు నెట్టింది.

## కూడేసినా ఫర్వాలేని చోట

ప్రతిసారీ ఇంత తంటాలు అవసరం లేదు. సంభావ్యతలు మరీ చిన్నవైతే ఉమ్మడి భాగం ఇంకా చిన్నది. ఏడాదిలో చెడిపోయే అవకాశం ఒక్కో శాతం చొప్పున ఉన్న రెండు యంత్రాలు ఒకదానితో ఒకటి సంబంధం లేకుండా పనిచేస్తుంటే, కనీసం ఒకటి చెడిపోయే అవకాశం 1.99 శాతం. రెండు శాతం అనుకున్నా కొంపలేం మునగవు. పైగా కూడిన మొత్తం ఎప్పుడూ అసలు విలువకు తక్కువ కాదు. బూల్ అసమానత అని దీనికి పేరు. అంచనా ఎటు తప్పినా జాగ్రత్తవైపే తప్పాలనుకునే పనుల్లో ఇదొక గొప్ప సౌకర్యం.

గణాంకశాస్త్రంలో బాన్‌ఫెరోని సవరణ దీని మీదే నిలబడింది. ఒకేసారి 20 పరీక్షలు చేసి, ఒక్కోదాంట్లో పొరపాటున ‘ఏదో ఉంది’ అనేసే అవకాశాన్ని 5 శాతంగా పెట్టుకుంటే, అవి స్వతంత్రాలైతే కనీసం ఒక్క తప్పుడు ఫలితం వచ్చే అవకాశం 64 శాతం. అందుకని ఒక్కో పరీక్ష హద్దును 5ను 20తో భాగించి 0.25 శాతానికి దించుతారు. అప్పుడు పరీక్షల మధ్య సంబంధం ఎలా ఉన్నా మొత్తం 5 దాటదు. ఉమ్మడి భాగాలు తెలియకుండానే పని నడిచిపోతుంది.

యంత్రాల దగ్గర ఒక మెలిక ఉంది. రెండూ ఒకే కరెంటు లైను మీద ఉన్నాయి, ఆ లైను పోతే రెండూ పోతాయి, అలా ఒక్కో యంత్రం చెడిపోయే సందర్భాల్లో సగం ఉమ్మడివే అనుకుందాం. అప్పుడు కనీసం ఒకటి చెడిపోయే అవకాశం 1.99 నుంచి 1.5 శాతానికి తగ్గుతుంది, బాగానే ఉందనిపిస్తుంది. కానీ రెండూ ఒకేసారి చెడిపోయే అవకాశం 0.01 నుంచి 0.5 శాతానికి, అంటే యాభై రెట్లు పెరుగుతుంది. ఒకటి పోతే రెండోది ఆదుకుంటుందని రెండు పెట్టుకున్నవాళ్లకు చూడాల్సిన అంకె ఈ రెండోదే.

## ఘటనలు రెండు దాటితే

మూడు ఘటనలకు మూడింటినీ కూడి, జంటల ఉమ్మడి భాగాలు మూడూ తీసేస్తే, మూడూ కలిసే చోటు మూడుసార్లు చేరి మూడుసార్లు పోయి అసలు లెక్కలోనే లేకుండా పోతుంది. దాన్ని తిరిగి కలపాలి. నాలుగుంటే మళ్లీ తీసేయాలి, ఇలా కలుపుతూ తీస్తూ పోవడమే. కలపాల్సిన, తీయాల్సిన పదాలు మాత్రం వేగంగా పెరుగుతాయి: మూడు ఘటనలకు 7, పదింటికి 1023. అందుకే చేత్తో చేసేవాళ్లు వీలైనచోటల్లా ‘ఏదీ జరగకపోవడం’ దారి పడతారు.

కొన్నిచోట్ల మాత్రం ఈ పొడవాటి సూత్రం అందంగా ముడుచుకుపోతుంది. ఉత్తరాలను చూడకుండా కవర్లలో పెడితే కనీసం ఒక్కటైనా తన కవరులోకి చేరే అవకాశం ఎంత? ఈ రకం ప్రశ్నను 1708లో ఫ్రెంచి గణితవేత్త పియెర్ రెమోన్ ద మాంట్‌మోర్ పేకముక్కల ఆటగా వేశాడు. ఎన్ని ఉత్తరాలున్నా నేరుగా కూడితే సరిగ్గా 1 వస్తుంది, సగటున ఒక ఉత్తరం సరైన కవరులో పడుతుందని దానర్థం. అసలు జవాబు 1 − 1/2 + 1/6 − 1/24 … అని సాగుతుంది. ఉత్తరాలు మూడైతే 66.7 శాతం, నాలుగైతే 62.5, ఐదైతే 63.3, ఇక ఆ తర్వాత పదైనా పదివేలైనా 63.2 దగ్గరే ఉండిపోతుంది.

## మనసు పొరబడే చోటు

లెక్క తెలిసినా తడబాటు పోదు, దానికి వేరే కారణం ఉంది. మనస్తత్వ శాస్త్రవేత్తలు ఆమోస్ ట్వర్స్కీ, డేనియల్ కానమన్ 1983లో ప్రచురించిన ప్రయోగంలో లిండా అనే కల్పిత మనిషి వర్ణన ఇచ్చి, ఆమె బ్యాంకు ఉద్యోగి కావడం, బ్యాంకు ఉద్యోగీ స్త్రీవాద కార్యకర్తా రెండూ కావడం, వీటిలో దేనికి ఎక్కువ అవకాశం ఉందని అడిగారు. ఎక్కువమంది రెండోదే అన్నారు. రెండూ జరగడం ఒకటి జరగడాన్ని మించదు, కానీ వర్ణనకు రెండోదే నప్పింది మరి. 1993లో మాయా బార్-హిల్లెల్, ఎఫ్రాట్ నెటర్ దీన్నే తిప్పి పరీక్షించారు. చిన్న వర్గాన్నీ, దాన్ని తనలో కలుపుకున్న పెద్ద వర్గాన్నీ పక్కపక్కన పెడితే, పెద్దదానికి తక్కువ అవకాశం ఇచ్చినవాళ్లు కనిపించారు. ఒకవైపు కూడేసి ఎక్కువ చెప్పడం, ఇంకోవైపు పోలిక చూసి తక్కువ చెప్పడం, రెండు తప్పులూ ఒకే మనిషి చేయగలడు.

## నివేదికల్లో ఈ అంకెలు చూసినప్పుడు

ఒక మందు వాడినవారిలో 10 శాతం మందికి తలనొప్పి, 8 శాతం మందికి వికారం అని ఉందనుకుందాం. ఈ రెండిట్లో ఏదో ఒక ఇబ్బంది వచ్చినవాళ్లు 18 శాతం అని రాయడం తొందరపాటు. అది 10కీ 18కీ మధ్య ఎంతైనా కావచ్చు. వికారం వచ్చిన ప్రతి ఒక్కరికీ తలనొప్పి కూడా వచ్చి ఉంటే 10, ఒక్కరికి కూడా రెండూ రాకపోతే 18.

అదే నివేదికలో ‘ఈ రెండిట్లో కనీసం ఒకటి వచ్చినవాళ్లు 14 శాతం’ అన్న వాక్యం ఉంటే మాత్రం సూత్రాన్ని వెనక్కి తిప్పి వాడుకోవచ్చు. 10, 8 కూడి 14 తీసేస్తే 4, అంటే నాలుగు శాతం మందికి రెండూ వచ్చాయి. సంబంధమే లేకపోతే ఆ సంఖ్య 0.8 శాతం దగ్గర ఉండాలి, ఇక్కడ దానికి ఐదు రెట్లు ఉంది. వికారం వచ్చిన 8 శాతంలో సగం మందికి తలనొప్పి ఉంది, వికారం రాని 92 శాతంలో తలనొప్పి ఉన్నవాళ్లు 6, అంటే వందకు ఆరున్నర మంది. ఆ రెండు ఇబ్బందులకూ వెనక ఒకే కారణం ఉందేమో చూడాలన్న అనుమానం రావడానికి ఇది చాలు.